చూడకుండా వేసే పాసు

ఆడినన్నాళ్లూ అతన్ని అందరూ బొంగరం అనే పిలిచారు. బాస్కెట్‌బాల్ కోర్టులో ఇటు తిరిగినట్టే తిరిగి అటు తేలేవాడు మరి. అంతకన్నా ఎక్కువ పేరు తెచ్చిపెట్టింది అతని పాసు. కళ్లు ఒకవైపు, బంతి ఇంకోవైపు. అవతలి జట్టువాళ్లు అతని చూపు వెంట పరిగెత్తి, తీరా తల తిప్పి చూస్తే బంతి ఎక్కడో వెనకాల అతని మనిషి చేతుల్లో ఉండేది. "ఎలా వేస్తారండీ?" అని ఎవరైనా అడిగితే "వచ్చేస్తుందండీ, అంతే" అని నవ్వేవాడు. జనానికి ఆ నవ్వు కూడా నచ్చింది.

మోకాళ్లు మొరాయించి ఆట మానేశాక, జీతమిచ్చి ఆడించుకున్న క్లబ్బే అతన్ని కోచ్‌ని చేసింది. మేనేజరు మాత్రం మొదటిరోజే కుండబద్దలు కొట్టాడు.

"బోర్డు మీద గీతలు గీసే కోచ్‌లు మాకు కావలసినంతమంది దొరుకుతారు. మీ పాసు మా కుర్రాళ్లకి రావాలి. మిమ్మల్ని తీసుకున్నది అందుకే."

బొంగరం సరేనన్నాడు. తనకొచ్చిన విద్యే కదా, చెప్పడానికేముంది అనుకున్నాడు పాపం.

వచ్చిన విద్య వేరు, చెప్పగలిగే విద్య వేరు అని ప్రాక్టీసు మొదలైన వారానికే తెలిసొచ్చింది. జట్టులో బంతి నడిపించే కుర్రాణ్ణి పాదరసం అంటారు. చురుకైనవాడే గానీ ప్రశ్నల పుట్ట.

"సార్, పాసు వేసేముందు ఎటు చూడాలి?"

"ఎటూ చూడక్కర్లేదు."

"మరి మనవాడు ఎక్కడున్నాడో ఎలా తెలుస్తుంది?"

"తెలుస్తుంది."

"అదే సార్, ఎలా?"

బొంగరం తల గోక్కుని, బంతి అందుకుని వేసి చూపించాడు. బంతి ఈలేసుకుంటూ వెళ్లింది. అందుకోవలసిన పొడుగువాడు, దూలం అంటారు వాణ్ణి, ఒక్క క్షణం ఆలస్యంగా తిరిగేసరికి చెవి మీద తగిలింది. "నేను సరిగ్గానే వేశాను, నువ్వే అందుకోలేదు" అని బొంగరం కసిరాడు. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లనే రకం కదా, మర్నాటి నుంచీ పాదరసం కళ్లకి గంతలు కట్టించి మరీ పాసులు వేయించాడు. దూలం ముక్కు వాచింది. గోడకి ఉన్న గడియారం పగిలింది. జట్టు వరసగా ఓడింది.

మేనేజరు మళ్లీ పిలిచాడు. "శనివారం మ్యాచ్ గెలిస్తేనే సెమీస్. లేదంటే కొత్త కోచ్‌ని వెతుక్కుంటాం. మనసులో పెట్టుకోకండి."

ఉద్యోగం పోతుందన్న భయం ఉండనే ఉంది. కానీ దానికంటే ఎక్కువగా ఇంకొకటి అతని బుర్ర తొలిచేయసాగింది. అవును, ఇంతకీ నేనెలా వేసేవాణ్ణి? ఊరంతా అడిగిన ప్రశ్నని తనను తాను ఏనాడూ అడగలేదు. ఇంట్లో అద్దం ముందు నిలబడి దిండుతో పాసు వేసి చూసుకున్నాడు. పాత మ్యాచ్‌ల వీడియోలు పెట్టుకుని తన చేతుల్నీ భుజాల్నీ నడుమునీ ఎవరో పరాయివాణ్ణి చూసినట్టు చూశాడు. ఏమీ అంతుపట్టలేదు.

అతని భార్య పళ్ల డాక్టరు. క్లినిక్ నుంచి వచ్చి, సోఫా మీదుండాల్సిన దిండు టీవీ వెనకాల పడి ఉండటం చూసి నిట్టూర్చింది.

"ఎంతసేపూ వేసినవాణ్ణే చూసుకుంటారేం? అందుకున్నవాణ్ణి అడగొచ్చుగా?"

అందుకున్నవాణ్ణి నిచ్చెన అనేవారు. ఇద్దరూ ఏళ్ల తరబడి ఒకే జట్టులో ఆడారు. ఇప్పుడు పరుపుల దుకాణం నడుపుతున్నాడు. బొంగరం వెళ్లేసరికి, అమ్మకానికి పెట్టిన పరుపు మీద పడుకుని ఉన్నాడు. మోకాళ్ల కింద నుంచి కాళ్లు బయటికి వేలాడుతున్నాయి.

"ఒరేయ్, నా పాసు నీకెలా అందేదిరా?"

నిచ్చెన లేచి కూర్చున్నాడు. "ఇన్నేళ్లకి అడగాలనిపించిందా? వేసేముందు నువ్వొకటి చేస్తావు. అది చూసి నేను ముందే అక్కడికి పరిగెత్తేవాణ్ణి. ఎటు వేస్తావో నీకంటే ముందు నాకే తెలిసేది."

"ఏం చేస్తాను?"

"చెప్పను."

"ఏంరా?"

"చెబితే ఇక జన్మలో వేయలేవు. మెట్లు దిగేటప్పుడు ఏ కాలు వేస్తున్నామా అని చూసుకుంటే తూలిపడమూ? అంతే. అందుకే అన్నాళ్లూ నోరు మూసుకున్నాను. నీ పాసు పోతే నా బుట్టలూ పోయేవి మరి. అడుసు తొక్కనేల, కాలు కడగనేల? ఇంటికి పో."

బొంగరం వెనుదిరిగాడు. మోకాళ్లు పోయాయి, జుట్టు పోయింది. మిగిలింది ఆ పాసొక్కటే. ఇప్పటికీ పాత ఆటగాళ్లంతా సరదాగా ఆడే ఆదివారాల్లో అతనొక పాసు విసిరితే చూసేవాళ్లు లేచి నిలబడతారు. ఆ ఒక్క క్షణం అతనికి కుర్రతనం తిరిగొస్తుంది. దాన్ని చేజేతులా పోగొట్టుకోవాలా? తలుపు దాకా వెళ్లాడు. శనివారం గుర్తొచ్చింది. కానీ నిజం చెప్పాలంటే, అతన్ని వెనక్కి లాగింది శనివారం కాదు. తెలుసుకోకుండా ఉండలేకపోవడమే. వచ్చి పరుపు మీద చతికిలబడ్డాడు.

"చెప్పరా."

నిచ్చెన చెప్పేశాడు. "నాలుక. వేసేముందు నాలుక బుగ్గలోకి తోస్తావు. ఎడమ బుగ్గ ఉబ్బితే బంతి ఎడమకి. కుడి బుగ్గ ఉబ్బితే కుడికి. అందరూ నీ కళ్లు చూసి మోసపోయేవాళ్లు. నేను వాటి జోలికే పోలేదు."

ఇంటికొచ్చి ఈ మాట చెబితే భార్య పడీపడీ నవ్వింది.

"బంతి సంగతి నాకు తెలియదు గానీ, అబద్ధం ఆడేముందు కూడా మీ బుగ్గ ఉబ్బుతుందండీ. పరిచయమైన కొత్తలోనే కనిపెట్టాను."

"మరి ఇన్నాళ్లూ చెప్పలేదేం?"

"చెబితే నాకింకేం మిగులుతుంది?"

పెరటి చెట్టు మందుకు పనికిరాదన్నట్టు, ఇంట్లోనే ఉన్న డాక్టరుని ఇన్నాళ్లూ అడగలేదే అని బొంగరం నాలుక కరుచుకున్నాడు.

మర్నాడు గంతలు తీసి అవతల పారేయించాడు. పాదరసాన్ని తోచినట్టు పాసులు వేయమని, మిగతావాళ్లని బెంచీ మీద కూర్చోబెట్టాడు. "బంతిని చూడొద్దు. వాడి కళ్లు అసలే చూడొద్దు. వేసేముందు ఇంకేం చేస్తున్నాడో పట్టండి. పట్టినవాళ్లు నా చెవిలో చెప్పండి. వాడికి మాత్రం తెలియకూడదు." మొదట ఎవరికీ ఏమీ కనిపించలేదు. తర్వాత దూలం వాచిన ముక్కుతో వచ్చి చెవిలో గుసగుసలాడాడు. ఎటు వేయబోతే అటువైపు మడమ నేల మీంచి కాస్త లేస్తుందట. బొంగరం మురిసిపోయాడు. ఒకరి తర్వాత ఒకరు అందరూ పట్టేశారు.

"సార్, వీళ్లకి ఏదో చెబుతున్నారు, నాకు చెప్పట్లేదు. పోనీ మీరైనా ఒకసారి వేసి చూపించండి" అన్నాడు పాదరసం ఉక్రోషంగా.

బొంగరం బంతి తీసుకున్నాడు. ఇటు తిరిగాడు. నోట్లో నాలుక కదిలింది. అది కదలడం అతనికి తెలిసింది. చేతిలో బంతి జారి, దూలానికి బారెడు దూరంలో నీళ్ల సీసాల మీద పడింది. మళ్లీ వేశాడు, గోడకి తగిలింది. సార్ సరదా చేస్తున్నారనుకుని కుర్రాళ్లు చప్పట్లు కొట్టి నవ్వారు. అతనూ నవ్వాడు. తర్వాత బాత్రూములోకి వెళ్లి కుళాయి విప్పుకుని ఏడ్చాడు.

శనివారం హాలు కిటకిటలాడింది. మ్యాచ్ చివరిదాకా నువ్వా నేనా అన్నట్టే సాగింది. ఆఖరున పాదరసం కుడివైపు చూశాడు. అవతలివాళ్లు ముగ్గురు కుడివైపు ఉరికారు. అప్పటికే దూలం ఎడమవైపు పరుగందుకున్నాడు. బంతి వెళ్లి అతని రెండు చేతుల మధ్య వాలింది, అక్కణ్ణుంచి బుట్టలో పడింది. హాలు దద్దరిల్లిపోయింది. మేనేజరు కుర్చీ మీదెక్కి ఎగిరాడు.

అందరూ దూలాన్ని మోసుకుంటూ వెళ్లిపోయాక పాదరసం మాత్రం వరండాలో కోచ్‌కి అడ్డంగా నిలబడ్డాడు. చెమట కూడా తుడుచుకోలేదు.

"సార్, నేను వేయకముందే వాడు అక్కడున్నాడు. నేను ఏదో చేస్తున్నాను. అందరికీ తెలుసు, నాకొక్కడికే తెలియదు. ఏంటి సార్ అది?"

వాడి కళ్లలో ఆ ఆత్రం బొంగరానికి బాగా తెలిసినదే. చెప్పేద్దామని నోటిదాకా వచ్చింది.

"ఆట మానేశాక రా. చెబుతాను."

"అప్పుడు తెలుసుకుని ఏం లాభం సార్?"

"లాభమేమీ లేదురా, నష్టమే. అయినా వచ్చి అడుగుతావు" అని వాడి వీపు తట్టి స్నానానికి పంపించాడు.