తొమ్మిదో ఆట రోజు

అన్న గడియారాలు బాగుచేసేవాడు. చెల్లెలు ముందుగదిలో మిషను పెట్టుకుని బట్టలు కుట్టేది. ఆ ఇంట్లో పేరు మోసింది మాత్రం వదిన. చదరంగంలో దేశం మొత్తం మీద ఆడవాళ్ళలో రెండో స్థానం ఆమెది. అదీ ఒకసారి కాదు, వరుసగా రెండేళ్ళు. రెండుసార్లూ నోటిదాకా వచ్చిన ముద్ద చివరి ఆటలో జారిపోయింది. గెలిచినా ఓడినా మొహంలో ఏదీ బయటపడనివ్వదని తోటి ఆటగాళ్ళు ఆమెను తాళంకప్ప అనేవారు.

ఆమెకు ఆట నేర్పింది అన్నే. పెళ్ళయిన కొత్తలో, ఏదో పొద్దుపోక. ఆర్నెల్లు తిరక్కుండానే ఆమె చేతిలో ఓడిపోసాగాడు. ఇంకొకడైతే బల్ల తీసి అటక మీద పడేసేవాడు. అన్న వెళ్ళి లావుపాటి నోటుపుస్తకం కొనుక్కొచ్చాడు. ఆమెతో ఆడబోయేవాళ్ళు ఏ ఎత్తుతో మొదలుపెడతారు, ఎక్కడ తడబడతారు, దానికి ఏం జవాబివ్వాలి, అన్నీ అందులో చీమల బారులాంటి అక్షరాలతో రాసిపెట్టేవాడు. తనకు ఆడటం రాదనీ, ఎక్కడ ముల్లు ఆగిపోయిందో కనిపెట్టడం మాత్రం వచ్చుననీ నవ్వేవాడు.

మూడో ఏడు పోటీల నాటికి ఊపిరితిత్తుల జబ్బు అతన్ని మంచానికి అంటించేసింది. వదిన వెళ్ళనని మొండికేసింది. "మంచం పట్టినవాణ్ణి, ఎక్కడికి పారిపోతాను? వెళ్ళిరా," అన్నాడు. చెల్లెలు తను చూసుకుంటానని మాటిచ్చింది. అలా పంపించారు.

పదకొండు రోజులు, పదకొండు ఆటలు. రోజూ సాయంత్రం ఏడింటికి వదిన ఫోన్ చేసేది. మొగుడూ పెళ్ళాలు గుర్రాలూ ఏనుగులూ అంటూ మాట్లాడుకుంటుంటే చెల్లెలు గుడ్డ కత్తిరించుకుంటూ వినేది. ఎనిమిది ఆటలయ్యేసరికి వదిన అందరికంటే అర పాయింటు ముందుంది.

తొమ్మిదో రోజు పొద్దున అన్నకు ఆయాసం ఎక్కువైంది. ఆసుపత్రిలో చేర్చారు. నాలుగు రోజులు గడిస్తే గానీ ఏమీ చెప్పలేమన్నాడు డాక్టరు. చెల్లెలి చెవికి ఆ నాలుగు రోజులే వినబడ్డాయి. ఇంకా గడువుంది అనుకుంది.

మధ్యాహ్నం మూడున్నరకు అన్న మొహం మీది మాస్కు పక్కకు లాగాడు.

"మీ వదినకి ఫోన్ చెయ్యమ్మా. ఒకసారి గొంతు వింటాను."

ఆట రెండింటికే మొదలై ఉంటుంది. ఆటగాళ్ళ ఫోన్లు గుమ్మం దగ్గరే తీసేసుకుంటారు. పోటీ జరిపేవాళ్ళ నంబరు ఆమె దగ్గరుంది, అన్నే రాసిచ్చాడు. కానీ ఆసుపత్రి మాట చెవిన పడితే వదిన పావులు అక్కడే వదిలేసి వచ్చేస్తుంది. మూడోసారి కూడా ముద్ద జారిపోతుంది.

"ఆట అయిపోనీ అన్నయ్యా. ఏడింటికి తనే చేస్తుంది కదా."

అన్న సరేనన్నట్టు తలాడించాడు. ఆమె మాస్కు సర్దింది. అయిదు కావస్తుండగా ప్రాణం పోయింది.

ఏడింటికి ఫోన్ మోగింది. చెల్లెలు ఆసుపత్రి వరండాలో నిలబడి, అన్నయ్య మందు వేసుకుని పడుకున్నాడని చెప్పింది. ఆ మాట నోట్లోంచి ఎలా వచ్చిందో ఆమెకే తెలియదు. ఒకసారి వచ్చాక వెనక్కి తీసుకునే దారి కనబడలేదు. మర్నాడూ అదే మాట. పెదనాన్న అగ్గిమీద గుగ్గిలమయ్యాడు. కట్టుకున్నవాడు శవాల గదిలో ఉంటే ఆ పిల్ల అక్కడ బొమ్మలు జరపడమేమిటని నిలదీశాడు. అప్పుడు పుట్టింది అసలు అబద్ధం. ఆట పూర్తయ్యేదాకా చెప్పొద్దని అన్నయ్యే అన్నాడంది చెల్లెలు. చనిపోయినవాడి మాట కాబట్టి పెదనాన్న నోరు మూసుకున్నాడు.

చివరి ఆట ముందు సాయంత్రం వదిన నోటుపుస్తకంలో ఒక పేజీ చదివి వినిపించమంది. ఆయన్ని లేపొద్దులే అని కూడా అంది. ఆట ఓనమాలు తెలియని చెల్లెలు అన్న చేతిరాత మీద వేలు పెట్టుకుని ఒక్కో ఎత్తూ చదివింది. గొంతు బొంగురుపోతే జలుబని చెప్పింది.

వదిన ఆ ఎత్తులతోనే గెలిచింది, చాంపియన్ అయింది. మర్నాడు పేపర్లో కప్పు పట్టుకున్న ఆమె ఫొటో పడింది. ఆ తాళంకప్ప నవ్వడం అందరూ చూసింది ఆ ఒక్కసారే. ఆ పేపరు వచ్చేసరికి ఆమె రైలు దిగింది. స్టేషన్లోనే చెల్లెలు అన్నయ్య పోయాడని చెప్పేసింది, ఆట అయ్యేదాకా చెప్పొద్దని అతనే కోరాడన్న అబద్ధాన్నీ నిజంలాగే కలిపి. వదిన ఏడవలేదు. చేతిలో పెట్టె కింద పెట్టి, "తనే వద్దన్నాడా?" అని మాత్రం అడిగింది.

ఆ తర్వాత ఆమె ఇంకా ఆరుసార్లు చాంపియన్ అయింది, గ్రాండ్‌మాస్టర్ అయింది, పొరుగుదేశాల జట్లకు పాఠాలు చెప్పింది. ఇద్దరూ ఆ ఇంట్లోనే ఉన్నారు. అన్న ఫొటో మాత్రం వదిన గోడకు తగిలించనివ్వలేదు. చెల్లెలు దాన్ని దుఃఖమనే అనుకుంది. అలా అనుకోవడమే ఆమెకు సుఖం.

పద్దెనిమిదేళ్ళకు వదిన తన ఆటలతో ఒక పుస్తకం వేసింది. చెల్లెలికి పావుల లెక్క అర్థం కాదు, ముందుమాట చదివింది. అందులో ఇలా ఉంది: "పోయేముందు కూడా నా భర్తకు నేను ఆటగత్తెనే. నా గొంతు వినాలని ఆయనకు అనిపించలేదు. ఆ ఒక్కటీ నేను క్షమించలేకపోయాను."

చెల్లెలు మిషను మీది గుడ్డ అలాగే వదిలేసి వంటింట్లోకి వెళ్ళింది. వదిన కూరగాయలు తరుగుతోంది.

"వదినా, అన్నయ్య నిన్ను అడిగాడు. ఫోన్ చెయ్యమన్నాడు. నేనే చెయ్యలేదు. నీకు చెప్పొద్దన్న మాట నేను కల్పించింది."

వదిన కత్తి పక్కన పెట్టింది. 

"ఎన్నింటికి అడిగాడు?"

"మూడున్నరకి. నువ్వు ఆటలో ఉన్నావని..."

"ఆ రోజు ఇరవై ఎత్తుల్లో డ్రా చేసుకున్నాం. మూడింటికే ఫోన్ తీసుకుని గదికి వచ్చేశాను. ఏడింటిదాకా ఊరికే కూర్చున్నాను."

 కొట్టినా చెల్లెలు పడేది, తిట్టినా పడేది. వదిన రెండూ చెయ్యలేదు. ఆయన అన్న మాట ఉన్నదున్నట్టు చెప్పమంది. చెల్లెలు చెప్పింది. మళ్ళీ చెప్పమంది. మూడోసారి చెబుతుండగా వదిన కొంగు నోటికడ్డం పెట్టుకుని, పద్దెనిమిదేళ్ళ కిందట ఏడవాల్సిన ఏడుపు ఏడ్చింది. చెల్లెలు దగ్గరకు వెళ్ళబోయింది. వదిన చెయ్యి అడ్డం పెట్టింది.

పుస్తకం రెండో ముద్రణలో ముందుమాట లేదు. వదినా ఆడబిడ్డలు ఆ ఇంట్లోనే ఉన్నారు, మందులూ మంచినీళ్ళూ ఒకరికొకరు అందించుకుంటూ. ఏడింటికి ఎప్పుడైనా ఫోన్ మోగితే మాత్రం ఇద్దరిలో ఎవరూ లేవరు.