నాయన చెప్పని మాట

జకరయ్య చిన్నప్పటినుంచీ ఆళ్లగడ్డ చర్చిలో క్రిస్మస్ నాటకాలు తనే రాసి, తనే వేషం కట్టేవాడు. ఆ పిచ్చితోనే మద్రాసు పోయి పదేళ్లు తిరిగాడు. ఏ సినిమా కంపెనీవాళ్లూ గడప తొక్కనివ్వలేదు. చివరికి తనలాంటి నలుగురు స్నేహితులతో కలిసి 1979లో సొంతంగా ఒక సినిమా తీశాడు. కథా అతనిదే, ముఖ్యవేషమూ అతనిదే. నంద్యాల రైసుమిల్లులో బస్తాలు మీదపడి చనిపోయిన తండ్రి, హమాలీ బాలస్వామి కథ అది.

దాన్ని ఎవరూ కొనలేదు. నంద్యాలలో ఒక హాలు యజమాని మాత్రం దయతలచి ఒకే ఒక్క ఉదయం ఆట వేస్తానన్నాడు. జకరయ్య తన తల్లి హన్నమ్మను ఆళ్లగడ్డనుంచి బస్సులో తీసుకొచ్చాడు.

తలకు తువాలు చుట్టుకుని, బస్తా మోస్తూ కొడుకు తెరమీద కనిపించగానే హన్నమ్మ, "అచ్చం మీ నాయన నడకే" అంది. జకరయ్య పొంగిపోయాడు. కథ చివర బస్తాలు కూలాయి. తెరమీది తండ్రి తోటి హమాలీ చెయ్యి పట్టుకుని, "నా హన్నిని ఏడ్వద్దని చెప్పప్పా" అని కన్నుమూశాడు.

హన్నమ్మ లేచి బయటికి వెళ్లిపోయింది. జకరయ్య వెనకే పరుగెత్తాడు.

"ఏమ్మా, ఏమైంది?"

"మీ నాయన ఆ మాట యాడ జెప్పినాడ్రా? మీద పడిన బస్తాలు తీసేలోపే పానం పోయింది. ఒక్క మాటన్నా జెప్పకుండా పాయనే అని పదహైదేండ్లుగా ఏడుస్తాండా."

ఆ మాట రాసిన రోజు తనెంత మురిసిపోయాడో గుర్తొచ్చి జకరయ్య సిగ్గుపడ్డాడు.

"తప్పయిందిమ్మా. తీసేస్తాలే."

"తియ్యొద్దు." ఆమె కళ్లు తుడుచుకుంది. "ఇంగోసారి ఇనాలని ఉంది. మల్లా ఎప్పుడేస్తారు?"

మళ్లీ వెయ్యలేదు. ఉన్న ఒక్క ప్రింటూ మద్రాసు గోడౌనులో వాన నీటికి తడిసి పనికిరాకుండా పోయిందని రెండేళ్లకు ఉత్తరం వచ్చింది. తల్లికి చెప్పడానికి జకరయ్యకు నోరు రాలేదు. అడిగినప్పుడల్లా "వస్తాదిలేమ్మా" అనేవాడు.

1984లో హన్నమ్మ మంచం పట్టింది. ఇక లేవదని తెలిశాక జకరయ్య ఆమె పక్కన కూర్చుని, నాయన గొంతు పెట్టి, సినిమాలోని ఆ మాట పలికాడు.

హన్నమ్మ కళ్లు తెరిచి అతని చెంప నిమిరింది.

"ఇది నీ గొంతురా, మీ నాయనది గాదు" అంది.

నాలుగు రోజులకు ఆమె పోయింది. ఆ డిసెంబరులో చర్చివాళ్లు వచ్చి నాటకం రాయమంటే జకరయ్య రాసిచ్చాడు. వేషం కట్టమంటే మాత్రం ఒప్పుకోలేదు.