మేరీ ఎడమచేయి

పల్నాడు మొత్తంలో కోర్టు బంట్రోతు కృపానందాన్ని ఆపగల మొనగాడు పుట్టలేదు. అంటే, మనుషుల్లో పుట్టలేదు. రోజూ మధ్యాహ్నం ఒక అన్నం డేగిసా మూత మాత్రం అతన్ని బల్ల మీద కూర్చోబెట్టి గుటకలు మింగించేది.

నరసరావుపేట బస్టాండు వెనక రూతమ్మ, కుల్సుం కలిసి నడిపే పూటకూళ్ళ పాకలో ఉండేదా డేగిసా. ఎవరైనా ఆడమనిషి వచ్చి విస్తరి ముందు కూర్చుంటేనే మూత ఊడొచ్చేది. ఆమెకు వడ్డించగానే మళ్ళీ బిగిసేది. ఆమె కడుపు నిండాకే మగాళ్ళ వంతు. వండినవాళ్ళు తింటే లెక్కలోకి రాదు. పేటలో ఎవరూ దీన్ని వింతనుకోలేదు. బస్సు ఆలస్యమైతే ఎట్లా కూర్చుంటారో అట్లా కూర్చునేవాళ్ళు. సంతకొచ్చినామె, ఆసుపత్రికొచ్చినామె, మొగుడితో పోట్లాడి బయల్దేరినామె, ఎవరో ఒకరు రోజూ ఉండేవాళ్ళు.

అరవై రెండులో ఒకరోజు ఎవరూ రాలేదు. ఆడకూలీలంతా మిరపకోతలకు నాదెండ్ల పోయారు. రెండైంది. స్థలం యజమాని చెన్నకేశవరావు ఆకలికి ఊగిపోతున్నాడు.

"ఇంకో గంటలో వడ్డించకపోతే పాక పీకించి పత్తి కొట్టు పెట్టిస్తా!"

"ఏందయ్యా ఆ మాట? పదేళ్ళ పాక!" అంది కుల్సుం.

"ఒరేయ్ కృపానందం, మూతకేసి చూస్తే వస్తదా? పోయి మేరీని తీసుకురా," అంది రూతమ్మ.

కృపానందం సైకిలెక్కి పెళ్ళాన్ని తీసుకొచ్చాడు. మేరీ కూర్చుంది. మూత లేచింది, వడ్డన కాగానే బిగిసింది. ఆమె కుడిచేత్తో కెలుకుతూ ఉండిపోయింది. సగం మెతుకులు ఒళ్ళో పడుతున్నాయి.

"తినవే! ఇక్కడ పదిమందిమి చస్తన్నాం!" అని కసిరాడు కృపానందం.

"నువ్వు అవతలికి పోరా." రూతమ్మ మేరీ పక్కన చతికిలబడింది. "ఏ చేయి వీలైతే ఆ చేత్తో తినమ్మా. ఇక్కడ అత్తగార్లెవరూ లేరు."

మేరీ ఒకసారి చుట్టూ చూసి, ఎడమచేత్తో ముద్ద కలిపింది. గోంగూర పచ్చడి మూడుసార్లు వేయించుకుంది. హాయిగా తేన్చింది. మూత దానంతటదే లేచి పక్కకు ఆనుకుంది.

నాలుగు మార్లు వడ్డించుకున్న చెన్నకేశవరావు పత్తి సంగతే మర్చిపోయాడు. చేయి కడుక్కుంటూ, "ఏమయ్యా, నీ ఇంటామెది ఎడమచేతి వాటమా?" అన్నాడు.

"పుట్టినప్పట్నుంచీ అంతేనండీ," అన్నాడు కృపానందం, అన్నీ తెలిసినట్టు.

మర్నాడు మేరీ పిలవకుండానే వచ్చింది. ఏడాది తిరక్కుండా పొయ్యి దగ్గర మూడో పీట ఆమెదైంది. ఇంకొన్నాళ్ళకు పాకకు పెంకుల కప్పు పడింది.

పెంకులు కప్పిన రోజు, అందరూ తింటుండగా, కృపానందం విస్తరిలోకే చూస్తూ నోరు విప్పాడు.

"రూతమ్మక్కా, ఆ రోజు మేరీ చేతివాటం ముందే తెలిసినట్టు నేను చెప్పింది అబద్ధం. అప్పటికి పన్నెండేళ్ళు కాపురం చేశా గానీ, మేరీ తింటంటే చూడటం నాకదే మొదటిసారి."