బడే సాబ్ ఇల్లు

ఆ పొద్దున ఆకాశం వానకని బయలుదేరి, ఎందుకు బయలుదేరిందో మరిచిపోయినట్టు నిలబడింది.

పడమటి నుంచి మబ్బులు వచ్చాయి. ఎమ్మిగనూరు మీద ఆగాయి. కురవలేదు. పోలేదు.

సాలెవాళ్ళ వీధిలో మగ్గాలు ఆడలేదు.

ఏ పొద్దయినా మొదట వినపడేది ఆ చప్పుడే — నాడె ఇటు, నాడె అటు, మధ్యలో ఒక దెబ్బ. ఆ పొద్దు బూట్ల చప్పుడు వినపడింది.

మొగవాళ్ళను పత్తి గోదాము ముందర వరసగా కూర్చోబెట్టారు. పన్నెండు మంది. చివరివాడు ఇంద్రసేనయ్య. యాభై దాటిన మనిషి. మగ్గం గుంటలో కాళ్ళు పెట్టి నేసీ నేసీ, చదును నేల మీద కూర్చోవడమే మరిచిపోయిన మోకాళ్ళు.

గోదాములో పత్తి లేదు. అది ఎప్పుడో ఆదోనికి పోయింది. ఇప్పుడు అందులో పోలీసులున్నారు.

వాళ్ళు వచ్చి నాలుగు నెలలు. తుంగభద్ర అవతల నైజాము సీమలో తుపాకి పట్టినవాళ్ళు ఏరు దాటి ఇటు వస్తున్నారని. ఇటు పల్లెలు వాళ్ళకు బువ్వ పెడుతున్నాయని.

మొన్న ఏటి ఒడ్డున ఒకణ్ణి కాల్చారు.

ఎవరూ ముట్టుకోకూడదన్నారు. నాలుగు ఊళ్ళు చూడాలన్నారు. రెండు రోజులు ఎండలో ఉంచారు.

మూడో రోజు తెల్లవారేసరికి అతని మీద దుప్పటి ఉంది.

ఎవరో కప్పారు.

ఆ దుప్పటే ఇప్పుడు ఇనస్పెక్టరు చేతిలో ఉంది. కోస్తా మనిషి. గొంతు పెంచడు.

"శవానికి గుడ్డ కప్పిన చెయ్యే, బతికుండగా వాడికి కూడు పెట్టిన చెయ్యి," అన్నాడు. "ఇది మిల్లు గుడ్డ కాదు. మీలో ఒకరు నేసింది. నేసినవాడు ఎవరికిచ్చాడో చెబితే చాలు. మిగిలింది నేను చూసుకుంటాను."

దుప్పటి చేతులు మారసాగింది.

మొదట బాలకృష్ణయ్య. తడిమాడు. "తెల్దు సామీ."

పక్కవాడు. "మా ఈదిది గాదు."

ఆ పక్కన మాదన్న. వాసన చూశాడు. "కన్నడమోళ్ళ నేత మాదిరుండాది సామీ."

"వాళ్ళ నేత నీకెలా తెలుసు?"

"నా పెండ్లాము ఆ పక్కదే సామీ. కట్టుకొన్న కోకతోనే వచ్చె. ముప్పై ఏండ్లుగా సూస్తాండా."

వరసలో ఎవరో నవ్వారు. నవ్వు మధ్యలోనే ఆగిపోయింది.

అందరికీ తెలుసు.

ఎర్రంచు నడుమ ఒకే ఒక నల్ల పోగు. ఆ వీధిలో అట్లా వేసేవాడు ఒక్కడే. చేతిలో పడగానే ఎవరి దుప్పటో పదకొండు మందికీ తెలిసింది. పదకొండు మందీ తెల్దన్నారు.

దుప్పటి ఇంద్రసేనయ్య ఒళ్ళోకి వచ్చింది.

రెండేళ్ళ కిందట నేసింది. ఒక్కతే కూతురు రుక్మిణిని మెట్టినింటికి పంపేటప్పుడు. ఏటి పక్క పల్లె. ఇప్పుడు ఆ పిల్లకు ఏడో నెల.

రుక్మిణి కప్పిందా. అత్త కప్పిందా. ఎవరైనా ఒకటే. ఈ బూట్లు ఆ ఇంటికి పోతాయి.

తెల్దనాలి. ఒక్క మాట.

దుప్పటికి ఒక మూల తుమ్మకంప తగులుకొని చినిగింది. రెండు పోగులు తెగి వేలాడుతున్నాయి.

"తెల్దు సామీ," అన్నాడు.

నోరు అంది. వేళ్ళు వినలేదు.

బొటనవేలు, చూపుడువేలు… తెగిన కొసల్ని పట్టుకున్నాయి. మెలిపెట్టాయి. ముడి వేశాయి. నలభై ఏళ్ళుగా వాటికి అదే పని. తెగిన పోగు కనపడితే అవి మనిషిని అడగవు.

ఇనస్పెక్టరు ఆ వేళ్ళనే చూస్తున్నాడు.

"పదకొండు మంది చేతుల్లో తిరిగింది, పెద్దాయనా. ఎవరూ ముడి వేయలేదు."

మబ్బు కదలలేదు. గాలి కూడా లేదు.

"నీదే కదా?"

"…నాదే."

"ఎవరికిచ్చావు?"

ఒక పేరు కావాలి. కూతురి పేరు కాని పేరు. బతికున్నవాడి పేరు చెబితే, ఆ బతికున్నవాడు గోదాములోకి పోతాడు. ఇంద్రసేనయ్య లోపల వెదికాడు. వీధి ఈ చివర నుంచి ఆ చివరకు. ఒక్కో గడప దాటుకుంటూ.

"బడే సాబ్‌కు."

బడే సాబ్ భుజాన మూట వేసుకొని ఊరూరా దుప్పట్లు అమ్మినవాడు. కిందటేడు విషజ్వరంతో పోయాడు. గుంటలో పిడికెడు మన్ను వేసినవాళ్ళలో ఇంద్రసేనయ్య కూడా ఉన్నాడు.

అతన్ని ఎవరూ కొట్టలేరు. ఎవరూ కాల్చలేరు.

"ఎక్కడున్నాడు?"

"గోరీల కాడ సామీ. పోయి ఏడాదాయ."

వరసలో ఎవరో ఊపిరి వదిలారు.

"సాయిబా," అన్నాడు ఇనస్పెక్టరు. "మొన్నటిదాకా రజాకార్లకు మూటలు మోశారు. ఇప్పుడు వీళ్ళకు." చేతికర్ర చంకలో పెట్టుకున్నాడు. "గోరీ సరే. ఇల్లెక్కడ?"

చచ్చినవాడికి ఇల్లుంటుందని ఇంద్రసేనయ్యకు తోచలేదు.

ఆ ఇంట్లో అతని భార్య సర్దార్‌బీ ఉంటుందని తోచలేదు.

ఆయన నోరు విప్పనక్కర లేకపోయింది. ఊరి తలారి వేలు చూపించాడు.

"నువ్వూ నడువు," అన్నారు.

నడిచాడు.

నాలుగిళ్ళ అవతల అరుగు మీద సర్దార్‌బీ నూలు కండెలు చుడుతోంది. రాట్నం తిప్పే చెయ్యి ఆగలేదు, బూట్లు ఎదురుగా వచ్చి నిలబడేదాకా.

ఆ దుప్పటి అంచుకు ఎర్ర నూలు చుట్టింది ఆమే. నల్ల పోగు చుట్టిందీ ఆమే. పిల్లకు దిష్టి తగలదులే అన్నా, అని ఆ రోజు నవ్విందీ ఆమే.

దుప్పటి ఆమె ముందర పడేశారు.

"నీ మొగుడిదేనా?"

చేతిలోకి తీసుకుంది. అంచు చూసింది. తల ఎత్తి ఇంద్రసేనయ్యను చూసింది. ఎక్కువసేపు కాదు. చూడాల్సినంత చూసింది.

"ఆయప్పదే. ఇంద్రసేనన్న తాన కొనె."

"ఎవరికి అమ్మాడు?"

"ఎవురికని సెప్పేది సామీ. పెద్దకడుబూరు పోతాండె. ఉరుకుంద జాతరకు పోతాండె. కాలు యాడికి పోతే ఆడ అమ్ముతాండె."

"గుర్తు తెచ్చుకో."

"నేను పోయింటే గదా. ఆయప్పను అడగాల. బతికున్నప్పుడే నేనడిగితే పలికేటోడు గాదు. మీరడిగితే పలుకుతాడేమో."

ఒక కుర్ర జవాను మొహం పక్కకు తిప్పుకున్నాడు. ఇనస్పెక్టరు తిప్పుకోలేదు. తల ఊపాడు. జవాన్లు లోపలికి పోయారు.

వెదకడానికి ఏముంది ఆ ఇంట్లో. ఒక గది. ఒక పొయ్యి. అయినా వెదికారు.

జొన్నల కుండ పగిలింది. నీళ్ళ కుండ పగిలింది. జొన్నలూ నీళ్ళూ ఉప్పూ నేల మీద ఒకటయ్యాయి. పొయ్యి గడ్డను కాలితో తన్నారు. బడే సాబ్ మూటగుడ్డ — మడిచి దండెం మీద పెట్టుకుంది ఆమె — బయట మట్టిలోకి వచ్చి పడింది.

చివరికి రాట్నం. దాని కాలు ఒక్క తొక్కుకే విరిగింది.

సర్దార్‌బీ నిలబడింది. ఇంద్రసేనయ్య నిలబడ్డాడు.

ఒక్క మాట అంటే ఇదంతా ఆగుతుంది. ఆ మాట రుక్మిణి.

ఒక్కో కుండా పగిలినప్పుడు ఆ పేరు గొంతు దాకా వచ్చింది. మింగాడు. మళ్ళీ వచ్చింది. మళ్ళీ మింగాడు.

"రేపు వస్తాం," అన్నాడు ఇనస్పెక్టరు. "ఏ ఊరో, ఎవరో — రాత్రికి గుర్తు తెచ్చుకో."

దుప్పటి తీసుకొని పోయారు.

వీధి వీధంతా తలుపుల వెనక ఉంది. ఒక్క తలుపూ తెరుచుకోలేదు.

ఇంద్రసేనయ్య వంగాడు. బురదలోంచి జొన్నలు ఏరసాగాడు.

"ఇడ్సన్నా," అంది సర్దార్‌బీ. "ఏరేటివి గావు."

ఆయన ఏరుతూనే ఉన్నాడు.

"రుక్మిణికి ఎన్నో నెల?"

చెయ్యి ఆగింది.

"ఏడు."

"ఊ," అంది. కొంగుతో చేతులు తుడుచుకుంది. తుడిచిందే తుడుచుకుంది.

అప్పుడు వచ్చింది చౌడమ్మ, ఇంద్రసేనయ్య భార్య. చేతులకు ఇంకా జొన్నపిండి ఉంది. విరిగిన రాట్నాన్ని చూసింది, పొయ్యిని చూసింది, మొగుణ్ణి చూసింది. ఏమయిందని అడగలేదు.

"పా వదినా," అంది. "రొట్టెలు కాలుస్తాండా."

ముప్పై ఏళ్ళుగా కండెలు తెచ్చి ఇచ్చిన ఇల్లే. అరుగు దాటి సర్దార్‌బీ ఎప్పుడూ లోపలికి రాలేదు. రమ్మని వీళ్ళూ అనలేదు. గడప దగ్గర ఒకసారి ఆగింది. చౌడమ్మ చెయ్యి పట్టుకుంది.

మగ్గం పక్కనే మూడు సత్తు తట్టలు. జొన్నరొట్టె. చెనిక్కాయల కారం. ఉల్లిగడ్డ.

చౌడమ్మ మొదటి రొట్టె సర్దార్‌బీకి వేసింది. రెండోది మొగుడికి. తనూ వచ్చి కూర్చుంది.

ఇంద్రసేనయ్య తట్ట మీదికి వంగాడు. రొట్టె ముట్టుకోలేదు. తన వేళ్ళను తనే చూసుకుంటూ ఉన్నాడు.

రొట్టె మీది ఆవిరి పోయింది.

సర్దార్‌బీ తన రొట్టెను సగానికి విరిచింది. ఒక సగం ఆయన తట్టలో పెట్టింది.

చౌడమ్మ చూసింది. తల వంచుకొని ఉల్లిగడ్డ చిదిపింది.

ఆయన ఆ సగాన్నే తీసుకున్నాడు. కారంలో అద్దాడు. నోట్లో పెట్టుకున్నాడు.

ఆరిన జొన్నరొట్టె త్వరగా నలగదు. చాలాసేపు పడుతుంది.

ముగ్గురూ నములుతూ కూర్చున్నారు.