నడిమి అక్షరం

ఆదివారం పొద్దున్న పదయ్యేసరికి పద్మకుమారి వంటింటి పని ముగించేసి, మొగుడికి రెండో కాఫీ ఇచ్చేసి, "ఇంక పన్నెండుదాకా నన్నేటీ అడక్కండి" అని చెప్పి వసారాలో బల్లముందు కూచుంది. బల్లమీద మేనకోడలు సింధూరి పోయిన నెల ఇచ్చి వెళ్ళిన ట్యాబుంది.

భాస్కర్ నౌపడ స్టేషన్లో ముప్ఫై ఏళ్ళు చేసి రిటైరైన మనిషి. దేనికీ కంగారుపడడు గానీ, పెళ్ళాన్ని ఏడిపించే అవకాశం మాత్రం వదులుకోడు.

"ఏటి, పరీక్ష రాస్తన్నావా? కొత్త చీర కట్టీసినావు. అందులో నువ్వు కనబడవంట కదా."

"కనబడకపోతే మాసిన చీర కట్టుకోవాలేటి? మీ పేపరు మీరు సూసుకోండి."

సింధూరి విజయనగరంలో పుస్తకాల అట్టలకి బొమ్మలేస్తుంది. నెలకో ఆదివారం ఆ పిల్ల 'గోడ' అని ఒకటి పెడుతుంది. ట్యాబులోనో ఫోన్లోనో ఒక తెల్లటి గోడ వస్తుంది. లింకు అందినవాళ్ళు ఎవరింట్లో వాళ్ళు కూచుని, అదే గోడమీద అందరూ ఒకేసారి గీస్తారు. రాజాంలో ఒకరు గీత గీస్తే టెక్కలిలో ఇంకొకరికి అప్పటికప్పుడే కనబడుతుంది. ఈ నెల విషయం 'మీ ఊరి పాత బజారు'.

"నువ్వు రావాలత్తా. తాతగారి దగ్గర బోర్డులు రాసిన చెయ్యి నీది" అని సింధూరి వారంనించి ఫోన్లమీద ఫోన్లు.

"ఇంకా ఎవరెవరొస్తారే?" అని అడిగింది పద్మ. అసలు అడగాలనుకున్నది అది కాదు. మీ నాన్న వస్తాడా అని.

"చాలామందికి పంపినానత్తా. పేరు కొట్టకుండా వచ్చినోళ్ళకి గెస్టని నంబరొస్తాది. ఎవరెవరో నాకే తెలీదు."

సింధూరి తండ్రి లక్ష్మణరావు పద్మకి సొంత అన్న. పదకొండేళ్ళుగా అన్నాచెల్లెళ్ళకి మాటల్లేవు. మేనకోడలు ఇటూ అటూ తిరుగుతుంది, వీళ్ళు మాత్రం కదలరు. మొండితనంలో ఒకరికొకరు తీసిపోతేగా! పద్మ ఆ కొత్త చీర కట్టుకుందంటే, ఆ నంబర్లలో ఏదో ఒకటి అన్న అయి ఉంటాడన్న ఆశతోనే. ఆ సంగతి మొగుడి దగ్గర కూడా ఒప్పుకోదు, అది వేరే విషయం.

వాళ్ళ నాన్న వేంకటాచలం. గజపతినగరంలో బోర్డుల వేంకటాచలం అంటే తెలియనివాళ్ళుండేవారు కాదు. బొబ్బిలి రోడ్డు పొడుగునా కిరాణా కొట్లూ, బట్టల కొట్లూ, మందుల షాపులూ అన్నిటి నొసటా ఆయన రాతే. ఇంటి పెరట్లో రేకులకి తుప్పు పట్టకుండా రెడాక్సైడు కొట్టి ఎండబెట్టేవాడు. ఆ రంగు వాసనా టర్పెంటాయిలు వాసనా పీల్చే పిల్లలిద్దరూ పెరిగారు. ఇప్పటికీ ఎవరింట్లోనైనా కిటికీలకి రంగేస్తుంటే పద్మ కాసేపు ఆ గుమ్మం దగ్గర ఆగిపోతుంది.

పద్మది పుర్రచెయ్యి. ఎడమనుంచి రాసుకుంటూ పోతే చెయ్యి తడిరంగుమీద పాకి అక్షరమంతా అలుక్కుపోయేది. "ఆడపిల్లకి బోర్డులేటి, అదీ ఎడంచేత్తో!" అని అమ్మ గోల. వేంకటాచలం విననట్టే ఊరుకుని, పిల్లని తీసుకెళ్ళి బోర్డుకి కుడి చివర నిలబెట్టాడు.

"నువ్వు ఆకర్నించి రాసుకురా. అప్పుడు నీ సెయ్యి ఖాళీ రేకుమీదుంటాది, రంగుమీద పడదు."

అలా మొదలైంది. ముందు నాన్న దారానికి సుద్ద పట్టించి, ఆ కొసా ఈ కొసా పిల్లల చేత పట్టించి, మధ్యలో లాగి వదిలేవాడు. టప్పుమని గీత పడేది. అలాంటివి నాలుగు. నడిమి రెండూ అక్షరం ఎత్తుకి, పైది తలకట్లకి, కిందది ఒత్తులకి. తర్వాత అన్న ఎడమనుంచి కుడిచేత్తో, చెల్లి కుడినుంచి ఎడంచేత్తో. నడిమి అక్షరం మాత్రం నాన్నది. ముందు చేరినవాళ్ళు బ్రష్షు దించి టీ తాగాలే తప్ప దాన్ని ముట్టుకోకూడదు. అక్షరాలు సరిసంఖ్య వస్తే నడిమి రెండూ ఆయనవే. పిల్లలిద్దరి రాతలోనూ ఎంత తేడా ఉన్నా, మధ్యలో ఆయన అక్షరం పడేసరికి బోర్డంతా ఒకే చెయ్యి రాసినట్టు కలిసిపోయేది. అదెలాగో పద్మకి ఇప్పటికీ అంతుబట్టదు.

వాళ్ళ కొట్టుకి కూడా అలాగే రాసుకున్నారు. 'వేంకటాచలం ఆర్ట్స్'. ఏడక్షరాలు. అన్నవి మూడు, పద్మవి మూడు, నడుమ 'చ' నాన్నది. పద్నాలుగేళ్ళ పిల్ల మొట్టమొదట రాయవలసి వచ్చింది ఏదయ్యా అంటే ఆ చివరి 'ర్ట్స్'. మూడుసార్లు తుడిచి నాలుగోసారి రాసింది. "ఇదొస్తే ఇంకన్నీ వచ్చినట్టే" అన్నాడు నాన్న. ఆ రోజు వేరుశనగ ఉండలు కొనిపెట్టాడు.

తర్వాత పెళ్ళయి పద్మ నౌపడ వచ్చేసింది. బజారులోకి ఫ్లెక్సీలొచ్చాయి. నాన్న పోయాక అన్న ఆ కొట్లోనే ఫ్లెక్సీ మిషను పెట్టాడు. పద్మ తప్పు పట్టలేదు. బతకాలి కదా. కానీ సంవత్సరీకానికి వెళ్ళినప్పుడు చూసింది. కొట్టుముందు మురుగుకాలవ మీద ఒక రేకు పరిచి ఉంది. వచ్చేవాళ్ళూ పోయేవాళ్ళూ దానిమీద అడుగేసి లోపలికి వస్తున్నారు. వంగి అంచు కింద చెయ్యి పెట్టి చూస్తే, చట్రం గుర్తుపట్టింది. నాన్న బోర్డు.

ఆరోజు పిట్టగోడమీద పిండం పెట్టి అందరూ నించుంటే, ఎంతసేపటికీ కాకి రాలేదు. పద్మ ఊరుకుంటుందా?

"ఎలాగొస్తాది? నాన్న పేరు తొక్కించీవోడి సేతి ముద్ద కాకెలా ముడతాది?"

"బోర్లా ఎట్టినానే! పేరు కిందకుంది, మీదెవరూ తొక్కలేదు" అన్నాడు లక్ష్మణరావు.

"కిందకుంటే మురుగునీళ్ళు తాగుతాడా నాన్న? ఆ బోర్డు లేపి కడిగినానని నీ నోటితో నువ్వు సెప్పిందాకా నీ గడప తొక్కను."

బంధువుల ముందు అంత మాట అనకూడదు. అన్న ముఖం కందిపోయింది. పద్మ భోజనం చెయ్యకుండా బస్సెక్కేసింది. ఆయన చెప్పలేదు, ఈవిడ వెళ్ళలేదు. పదకొండేళ్ళు!

ఇప్పుడు లింకు నొక్కితే గోడ తెరుచుకుంది. పద్మకి 'గెస్ట్ తొమ్మిది' అని వచ్చింది. అప్పటికే ఇరవైమంది దాకా ఉన్నారు. ఎవరో సోడాబండి గీస్తున్నారు. ఎవరో గాజుల కొట్టు గీస్తున్నారు. శ్రీకాకుళంలో డ్రాయింగు టీచరు ఆమని గారట, సైకిలు రిపేరు షాపు గీస్తున్నారు. గీతలు వాటంతటవే పుట్టుకొస్తుంటే పద్మ నోరు తెరుచుకుని చూసింది.

మరి తను ఎక్కడ మొదలెట్టాలి? గోడంటే గోడే కదా. గోడ దొరికితే ముందు ఏం చెయ్యాలో నాన్న నేర్పాడు. సింధూరి చూపించిన తిన్నటి గీతల బొమ్మ నొక్కి, ఈ కొసనించి ఆ కొసదాకా ఒకటి లాగింది. తర్వాత రెండోది. మూడు, నాలుగు. కొలతలు వేలికి గుర్తున్నాయి. ఆ గీతలు సోడాబండి మీంచీ గాజుల కొట్టు మీంచీ అడ్డంగా దూసుకుపోయాయన్న సంగతి మాత్రం తోచలేదు. వాళ్ళ రోజుల్లో ఖాళీ గోడమీదే సుద్దదారం కొట్టేవారు మరి.

గోడ పక్కన గడిలో అందరూ కొట్టే మాటలు పడటం మొదలైంది.

"ఎవరండీ ఈ కరెంటు తీగలు లాగింది?"

"నా సోడాబండికి షాక్ కొడతాది!"

"పాత బజారంటే తీగలుంటాయి లెండి, బాగుంది" అని ఆమని గారు నవ్వుతూ రాసి, ఆ గీతలమీద చకచకా మూడు కాకుల్ని కూచోబెట్టేశారు. ఎడమ పక్కనొకటి, కుడి పక్కనొకటి, సరిగ్గా నడుమ ఒకటి.

పద్మకి చెవులు వేడెక్కాయి. సిగ్గు, దాని వెనకాలే కోపం. కరెంటు తీగలా? మా నాన్న గీతలు మీకు కరెంటు తీగల్లా కనబడుతున్నాయా? ట్యాబు మూసేద్దామని చెయ్యి వేసింది. మూసేస్తే అన్న ఉన్నాడో లేడో ఇంకెప్పటికీ తెలియదు. ఆ వేలినే కుడి చివరకి తీసుకెళ్ళి, కోపంగా 'ర్ట్స్' రాసింది.

ఎడంచేత్తో రాసింది. వంపు తప్పలేదు. ఆమని గారు ఏదో అర్థమై, "అయ్యో, బోర్డు రాస్తున్నారా, క్షమించండి" అని కుడి పక్క కాకిని తీసేశారు. పద్మ 'ఆ' మొదలెట్టింది.

అది సగంలో ఉండగా గోడకి ఎడమ చివర ఒక చిన్న బాణం కదిలింది. దానిమీద 'గెస్ట్ పద్నాలుగు' అని ఉంది. అది నాలుగు గీతలనీ కొసనించి ఒకసారి తడిమినట్టు వెళ్ళి, వెనక్కొచ్చి, రెండో గీతమీద ఆగింది. 'వేం' రాసి, 'క' మొదలెట్టింది.

పద్మ 'ఆ' పూర్తిచేసి అటే చూసింది. సింధూరి పనేమో! కాదు, ఈ కాలం పిల్లలు 'క' తలకట్టుని అంత బద్ధకంగా వెయ్యరు. 'ఆర్ట్స్' అని మాత్రమే ఉన్న బోర్డుకి మొదట్లో 'వేం' అని ఉంటుందని లోకంలో ఇంకెవరికి తెలుసు?

ఆవిడ 'లం' రాస్తోంది. అటు 'టా' పడుతోంది. మిగతావాళ్ళ గీతలు ఆగిపోయాయి, అందరూ చూస్తున్నట్టున్నారు. ఎడమ పక్క కాకిని కూడా ఆమని గారు తీసేశారు. 'టా' అయిపోయింది, 'లం' అయిపోయింది. రెండు బాణాలూ నడిమికి అటూ ఇటూ ఆగిపోయాయి. మధ్యలో సరిగ్గా ఒక్క అక్షరం పట్టేంత ఖాళీ మిగిలింది. ఆ ఖాళీలో కాకి కూచుని ఉంది.

"మధ్యలో 'చ' మర్చిపోయారండీ, నేను వేసేస్తానుండండి" అని సోడాబండి ఆయన సాయానికొచ్చాడు.

"ఒద్దు" అని కొట్టింది పద్మ.

అదే క్షణంలో ఇంకో "ఒద్దు" పడింది. గెస్ట్ పద్నాలుగు. దాని కిందనే కాసేపటికి, ఒక్కో అక్షరం వెతుక్కుంటూ కొట్టినట్టు ఇంకో మాట వచ్చింది.

"అది మా నాన్నది."

పద్మ చీర కొంగు నోట్లో కుక్కుకుంది. లోపల్నించి భాస్కర్ పేపరు పక్కన పెట్టి వచ్చాడు. ట్యాబులోకి ఓసారి చూసి, ఫోను తెచ్చి చేతికిచ్చాడు. అన్న నంబరు ఆవిడ ఎప్పుడూ తీసెయ్యలేదు. అతనికి తెలుసు.

మొదటి రింగుకే ఎత్తాడు.

"ఒసే పద్దూ."

"ఏటి?"

"నాలుగు గీతలు పడగానే తెలిసిపోనాదే నువ్వని. నీ సెయ్యి ఇంకా తిరుగుతన్నాది."

"నీదే వంకర పోనాది. 'టా' సూడు, తాగినోడిలాగున్నాది."

అటు నవ్వాడో దగ్గాడో తెలియలేదు. చివరికి పద్మే అడిగింది.

"బోర్డు లేపినావా అన్నయ్యా?"

"నువ్వు బస్సెక్కిన సాయంత్రమే లేపీసినాను."

"మరి పదకొండేళ్ళనించి ఆ ముక్క సెప్పడానికి నీకేటి రోగం?"

"ఎలాగ సెప్పమంటావే?" అన్నాడు లక్ష్మణరావు. "తిరగేసి కడిగినాను. నావి మూడూ ఉన్నాయి. నీవి మూడూ ఉన్నాయి. నడిమిదే లేదు, తుప్పు తినీసినాది. ఆ బోర్డుమీద నాన్న సేతిది అదొక్కటే కదే. మనయి ఉండిపోనాయి, ఆయందే పోనాది. ఏ ముకం ఎట్టుకుని నిన్ను పిలిచీది?"

పద్మ ఏడ్చింది. దాచుకోకుండా, ముక్కు చీదుకుంటూ గట్టిగా ఏడ్చింది. పదకొండేళ్ళూ అన్న పౌరుషం అనుకుంది. సిగ్గని ఒక్కసారైనా తోచలేదు. తన మాట ఆయన్ని ఎక్కడ గుచ్చిందో ఇప్పుడు తెలిసింది.

"నువ్వే రాసీలేకపోనావా ఆ ఒక్కటీ?"

"నాదేటి అది, రాసీడానికి?" అన్నాడు లక్ష్మణరావు.

"సరే. తుప్పు గీకి, రెడాక్సైడు కొట్టి ఉంచు. రేపు పొద్దున్న రైలుకొస్తన్నాను. బ్రష్షులున్నాయా, అమ్మీసినావా?"

"ఉన్నాయి. కిరసనాయిల్లో నానబెడతాను."

"నడిమిది ఎవరేస్తారో నేనొచ్చినాక సూద్దాం. అందాకా సెయ్యెట్టకు."

ఫోను పెట్టేసేసరికి ట్యాబులో సింధూరి రాసిన ముక్క కనబడింది. "అత్తా, ఆమని గారు అడుగుతున్నారు. మధ్యలో ఆ కాకిని కూడా తీసెయ్యమంటావా?"

పద్మ కళ్ళు తుడుచుకుని గోడకేసి చూసింది. అన్నవి మూడు, తనవి మూడు, నడుమ కాకి.

"దాన్నుండనీయే. ఎవరూ ముట్టుకోకండి" అని కొట్టి, అటకమీంచి సంచీ దించడానికి లోపలికి వెళ్ళింది.