కారం లేని కోడి

మా ఇంట్ల కోడికూర వండితె కాశిబుగ్గ సందు మొత్తం తుమ్మాలె. నేను ఈ ఇంటికి కోడలుగ వచ్చిన్నాటి సంది గట్లనే వండుతున్న, ఇప్పటిదాక ఒక్కలు వంక పెట్టలే. అసొంటి ఇంట్ల నా కోడలు ఆఫ్రీన్ ఒక శుక్రారం పొద్దుగాల పాలు, వెన్న, మైదా, మీగడ అన్ని ముందల పెట్టుకొని, "అమ్మీ, ఇయ్యాల వంట నేను చేస్త. మీరు జర రెస్ట్ తీసుకోన్రి" అన్నది.

రెస్టట! కోడలు వచ్చి అత్తను రెస్ట్ తీసుకొమ్మన్నదంటె ఏందో మతలబు ఉన్నట్టే. నేను స్టూలు గుంజుకొని వంటింటి గుమ్మంలనే కూసున్న.

"ఏం కూర?" అన్న.

"చికెన్. బేక్ చేస్త. మీద తెల్ల గ్రేవీ పోస్త."

"కారం ఎంత ఏస్తవు?"

"వెయ్య."

"పచ్చిమిరపకాయలు?"

"అవి గూడ వెయ్య. మిరియాలు గూడ వెయ్య అమ్మీ."

కారం లేని కోడి మా దిక్కు ఎవలికి పెడ్తరో తెల్సా? జరమొచ్చి లేసినోళ్లకు, ఆపరేషన్ అయినోళ్లకు. పథ్యం కూర అంటరు దాన్ని. "మనింట్ల రోగి ఎవలున్నరే?" అని అడుగబోయి నాలిక కర్సుకున్న. ఎందుకంటె ఉన్నది. నేనే.

మీకు చెప్తున్న గని ఇంట్ల ఎవ్వలికీ చెప్పలే. చలికాలం సంది నా నోరు మండుతాంది. ఎడమ దవడ లోపట తెల్లగ పొర పట్టింది. కారం తగిలితె ప్రాణం పోయినంత పనైతది. నోరు గూడ ముందటి లెక్క తెరుసుకుంటలేదు, రెండు వేళ్లు పట్టుడు కష్టమైతాంది. పాన్ల పొగాకు జర్దా ఏసుకునుడు నాకు పెండ్లికి ముందటి అలవాటు. మా అక్క జైనబ్బీకి గూడ గదే అలవాటుండె, గిసొంటి పొరనే వచ్చింది. దవాఖానకు తీస్కపోయిన్రు. దవడ కోసిన్రు. మల్ల ఆమె నడుసుకుంట ఇంటికి రాలే. అందుకే నోరు మూసుకొని ఉన్న. చెప్తె నన్ను గూడ తీస్కపోతరు. తీస్కపోతె నేను మల్ల ఈ గడప తొక్క. నాకు గదొక్కటే భయం.

రంజాన్ నెలంత నన్ను ఆ దేవుడే కాపాడిండు. పగలంత అందరికీ రోజానే, ఇఫ్తార్ కాడ ఖజూరు, గంజి, పాలు. ఎవల ముందల ఏమున్నదో ఎవలు సూస్తరు? పండుగ ఎల్లిపోయినంక మొదలైంది నా గోస. మా ఇంట్ల తిండికి దస్తర్ఖాన్ గుడ్డ పరిస్తె పెద్దా చిన్నా అందరం ఒక్కకాడనే కూసోవాలె. వడ్డించుడు నా పని గాబట్టి అందరికీ పెట్టుకుంట తిరిగి, "నేను ఎన్క తింట తియ్" అనేదాన్ని. ఎన్కకు వంటింట్ల బన్ను పాలల్ల ముంచి మింగేదాన్ని. అనుమానం రావద్దని ఇంకో తెలివి గూడ చేసిన. కూరల కారం పెంచిన. నోరు మండేటామె కారం తగ్గిస్తది గని పెంచుతదా? మా ఆయన గౌస్ పాషా మగ్గం మీద జంపకానాలు నేస్తడు, మాటకు మెత్తని మనిషి. కండ్లల్ల నీళ్లు కారుకుంట, "ఖతీజా, కూర జర ఘాటైంది" అన్నడు ఒకనాడు. "నీకు వయసైంది, తట్టుకుంటలేవు" అని ఆయన మీదికే ఎగిరిన. పాపం, మల్ల నోరెత్తలే.

గిట్లుండంగ ఇయ్యాల ఈ తెల్ల కూర.

నేను కన్ను ఆర్పకుంట సూస్తున్న. కోడి తొడలకు గాట్లు పెట్టి, పెరుగు, ఉప్పు, వెల్లుల్లి ముద్ద పట్టిచ్చింది. నిమ్మకాయ ముంగటనే ఉన్నది, పిండలే. "నిమ్మకాయ మర్సినవ్" అన్న. "మర్వలే, వద్దనే" అన్నది. కోడికి నిమ్మకాయ ఎవలు వద్దంటరమ్మా! ఎన్క కడాయిల వెన్న కరగవెట్టి, మైదా ఏసి సన్నమంట మీద ఏంచి, పాలు కొంచెం కొంచెం పోసుకుంట గడ్డ కట్టకుండ తిప్పింది. అండ్ల మీగడ కలిపి, అల్మినం ట్రేల పేర్సిన తొడల మీద పోసింది. నిజం చెప్పాలె, చెయ్యి తిరిగిన పిల్లనే. గని ఆ మాట నోటితోని ఎందుకంట?

"ఇంత కథ ఎవలి కోసం?" అన్న.

"మాపటికి నా దోస్తు శ్రీలత వస్తది అమ్మీ."

"ఏం చేస్తదామె?"

"నౌకరి."

"ఏం నౌకరి?"

"హన్మకొండల" అని ట్రే మీద మూత పెట్టి అటు తిరిగింది. నేను అడిగింది ఏం నౌకరి అని, ఏడ అని గాదు. తెలివిగలామె గదా, నా చెవుల పువ్వు పెడ్తాంది అనుకున్న.

మా ఇంట్ల ఓవెన్ లేదు. మా వాడకట్టుల ఎవలకన్న బేకింగ్ పని పడితె రయీస్ బేకరీకి పోవాలె. పగటీలి బన్నులు, రస్కులు తీసినంక ఆయన భట్టిల వేడి చాలసేపు ఉంటది, ఎవల ట్రే వాళ్లు ఇచ్చి కాల్పిచ్చుకుంటరు. ఆఫ్రీన్ బుర్ఖా ఏసుకొని ట్రే పట్టుకొని బయల్దేరింది. నా ఇంటి కూర గడప దాటి పోతాంటె నేను ఇంట్ల కూసుంటనా? జరసేపు ఆగి నేను గూడ బుర్ఖా తగిలిచ్చుకొని ఎన్కనే పోయిన. ఎండ మాడు పలగ్గొడుతాంది.

ట్రే భట్టిలకు పోయింది. ఆఫ్రీన్ బేకరీ పక్క సందుల నీడకు నిలవడి ఫోన్ మాట్లాడుతాంది. నేను మూలకు ఆగి చెవులు రిక్కిచ్చిన.

"లేదు శ్రీలతా, ఆమెకు అనుమానం రాలే. నువ్వు ఉత్త సుట్టం లెక్క రా. ఆమె తినేటప్పుడు నువ్వే నీ కండ్లతోని సూడు. ఎన్క ఎట్లనన్న ఒప్పిచ్చి తీస్కపోదాం. ఆతిఫ్‌తోని మాట్లాడిన, సరే అన్నడు."

తీస్కపోదాం అంటె ఏడికి? ఆతిఫ్ నా కొడుకు, కాజీపేటల రైల్వే నౌకరి. క్వార్టర్ కోసం అర్జీ పెడ్తనని ఆ మధ్యన అన్నడు. వాళ్లు క్వార్టర్లకు పోతె ముసలిదాన్ని ఏం చేస్తరు? హన్మకొండ దిక్కు ముసలోళ్లను పెట్టే ఇండ్లు లేసినయని పక్కింటి సోమక్క చెప్పింది. సొంతంగ తిని, సొంతంగ తిరిగేటోళ్లనే అండ్ల తీసుకుంటరట. తినేటప్పుడు సూడు అన్నది గదా! ఇగ లెక్క సరిపోయింది. ఓసి నీ కడుపు కాల, పథ్యం కూర పెట్టి నన్ను పరీక్షకు కూసోవెడ్తవా?

"ఖాలా, నువ్వేంది ఎండల?" అని రయీస్ గల్లా కాడికెల్లి ఒర్లిండు.

"బన్నుల కోసం వచ్చిన" అన్న.

"పొద్దుగాలనే తీస్కపోతివి గద ఖాలా!"

ఆని నోట్ల మన్ను వడ. ఆఫ్రీన్ సూడకముందే ఇంటి తొవ్వ పట్టిన.

పొద్దుగూకి మగ్రిబ్ నమాజు అయినంక శ్రీలత వచ్చింది. బక్కపల్చటి పిల్ల, నవ్వు మొఖం. దస్తర్ఖాన్ పరిస్తె మాతోని సమానంగ కింద కూసున్నది. ఆతిఫ్ డ్యూటీ దిగి వచ్చిండు గని నా మొఖం దిక్కు సూస్తలేడు. దొంగ! ట్రే నడిమిట్ల పెట్టి ఆఫ్రీన్ మూత తీసింది. మీద ఎర్రగ కాలి, అంచుల పొంటి కుతకుత ఉడుకుతాంది. వెన్న వాసన ఇల్లంత కమ్ముకున్నది. చలికాలం సంది పాలు, బన్ను తప్ప ఎరుగని కడుపు నాది. పేగులు అర్సినయి.

అయినా నేను మనసుల ఒట్టు పెట్టుకున్న. ముద్ద ముట్ట. ఏం సూస్తదో సూడనీ.

ఆఫ్రీన్ మొదటి తొడ నా పళ్లెంల ఏసింది. మా ఇంట్ల మొదటి వడ్డన మా ఆయనకు. సుట్టాలుంటె సుట్టాలకు. "అటు పెట్టు" అన్న. "మీరే మొదలు తినాలె అమ్మీ" అన్నది. శ్రీలత నన్నే సూస్తాంది.

ఒక్క ముక్క నోట్ల పెట్టుకొని "థూ, సప్పగున్నది" అని పక్కకు దొబ్బుదామనుకున్న. సరే, ఆ ఒక్క ముక్క పెట్టుకున్న.

మండలే.

మెత్తగ, ఎచ్చగ, నాలిక మీద జారి గొంతుల దిగింది. ఇంకో ముక్క పెట్టిన. అదీ మండలే. ఇగ నాకు ఒట్టు గిట్టు యాదికి రాలే. తొడంత ఒల్సుకొని తిన్న, తెల్ల శెర్వల రొట్టె ముంచుకొని తిన్న, ఆఫ్రీన్ ఇంకోటి ఏస్తె అదీ తిన్న, పళ్లెం వేలితోని నాకిన. కండ్లల్లకెల్లి నీళ్లు కారుతున్నయని నాకు తెల్వనే తెల్వది. తలకాయ లేపి సూస్తె ఎవ్వలూ ముట్టుకోలే. మా ఆయన చేతిల రొట్టె తునక అట్లనే ఉన్నది.

జన్మల సప్పటి కూరను మెచ్చుకోని ఖతీజాబీ పళ్లెం నాకింది. ఇగ నా రోగానికి వేరే సాక్ష్యం ఎందుకు?

"అమ్మా" అన్నది శ్రీలత మెల్లగ. "నేను పండ్ల డాక్టర్‌ను. మీ నోరు ఒక్కసారి సూస్త."

నేను లేసిన లేసుడుకు నీళ్ల చెంబు ఒరిగింది. "పన్నాగమా! నా ఇంట్ల నాకే వల ఏస్తరా? మొగుడు, కొడుకు, కోడలు అందరు ఒక్కటైన్రా?" అని ఒర్రుకుంట వంటింట్లకు పోయి తలుపు ఏసుకోవోయిన. ఆఫ్రీన్ చెయ్యి అడ్డం పెట్టి లోపటికి వచ్చింది.

"ఎట్ల తెల్సింది నీకు?" అన్న.

"కారం పెరిగినప్పుడు తెల్సింది అమ్మీ. మీరు ఏనాడన్న రుచి సూడకుండ గిన్నె దించిన్రా? నోట్ల ఏసుకుంటలేరు గాబట్టే అంత కారం పడుతాంది అనుకున్న. ఆ రోజు సంది మీ నోటినే సూస్తున్న."

నేను ఏ తెలివికి మురిసిపోయిన్నో, గదే నన్ను పట్టిచ్చింది.

"మొఖం మీద అడుగపోయినవా? గీ నాటకమెందుకు?"

"ఎన్నిసార్లు అడుగాలె? ఒకసారి పన్నునొప్పి అంటిరి, ఒకసారి ఎండదెబ్బ అంటిరి. దవాఖాన అంటె జైనబ్ ఖాలా పేరు తీసి ఏడిస్తిరి." "దవాఖానకు పోయినంకనే ప్రాణం పోయింది అంటరు గని, పోకముందు ఆమె ఎన్ని దినాలు దాచిందో ఎవలన్న అడిగిన్రా అమ్మీ?"

ఇంట్ల ఎవలకూ తెల్వది. నాకు తెల్సు. అక్క నాకొక్కదానికే చెప్పింది. ఎవలకీ తెల్వనియ్యకుండ రెండేండ్లు మోసింది.

నేను పొయ్యి గట్టు పట్టుకొని నిలవడ్డ. కోపం ఏడికి పోయిందో. "నాకు భయమైతాంది బిడ్డా" అన్న. ఆ పిల్లను బిడ్డా అని పిలుసుడు అదే మొదలు.

"నాగ్గూడ అయితాంది" అన్నది. అట్లని చెయ్యి ఇడువలే.

నన్ను తెచ్చి ట్యూబులైటు కింద కుర్సీల కూసోవెట్టింది. శ్రీలత చేతులు కడుక్కొని, గ్లౌజులు తొడుక్కొని, ఫోన్ లైటు పెట్టింది. నా నోట్ల రెండు వేళ్లు గూడ కష్టంగ పట్టుడు సూసి లైటు ఇంకా దగ్గరికి జరిపింది. దవడ లోపట చాలసేపు సూసింది. నేను ఆమె కండ్లనే సూస్తున్న, ఏమన్న దాస్తాందేమో అని. ఆ మొఖంల నాకేం దొరకలే.

"చిన్న ముక్క తీసి టెస్టుకు పంపాలె అమ్మా. అది వచ్చేదాక నేను మంచని చెప్ప, చెడని చెప్ప. ఒక్క మాట మాత్రం నిజం చెప్పున్రి. ఇది ఎప్పటి సంది ఉన్నది?"

పండుగ ఎల్లినంక అందామని నాలిక కొసదాక వచ్చింది. గంత అబద్ధం నాకు మంచినీళ్లు తాగినంత పని. ఆఫ్రీన్ నా ఎన్కకు నిలవడి రెండు చేతులతోని నా తలకాయ పట్టుకున్నది, ఆ చేతులు సల్లగున్నయి.

"చలికాలం సంది" అన్న.

దస్తర్ఖాన్ కాడికెల్లి మా ఆయన "యా అల్లా" అన్నడు. ఆతిఫ్ లేసి బయటికి పోయిండు. ఆఫ్రీన్ చేతులు మాత్రం కదలలే.

"ఇంకొంచెం తెరువున్రి అమ్మా" అన్నది డాక్టరమ్మ.

నొప్పైంది. తెరిచిన.