సార్ ఉన్నారా?

ఇంట్లో ఉన్నది ఒకటే ఫోను, అదీ మొగుడి పేరు మీద. అందుకే ప్లాట్లు అమ్మేవాళ్ళూ, పాలసీలు అంటగట్టేవాళ్ళూ అందరూ ఒకటే అడిగేవారు: "సార్ ఉన్నారా అండీ?" టైలరమ్మ మర్యాదగా వద్దంది, బతిమాలింది, తిట్టింది. ఎంత వదిలించుకుంటే అంత జిడ్డులా పట్టుకున్నారు. ఓ రోజు విసుగెత్తి, "ఆయన పోయారండీ" అనేసింది. అవతలి గొంతు "అయ్యో" అని ఫోను పెట్టేసింది. ఆ నంబరు మళ్ళీ వస్తే ఒట్టు!

గడియారాలు బాగుచేసే మొగుడు ఈ సంగతి విని పడీ పడీ నవ్వాడు. "పోన్లేవే, నా చావు ఇలాగైనా పనికొచ్చింది."

ఇక అదే మంత్రమైంది. రోజూ ఆవిడ చంపుతూనే ఉంది, ఆయన రోజూ వేళకి భోజనానికి వస్తూనే ఉన్నాడు.

తర్వాత ఆయన నల్లగుడ్లు మసకబారాయి. పెద్దముల్లేదో చిన్నముల్లేదో తెలియక దుకాణం మూసేశాడు. కంటి ఆసుపత్రివాళ్ళు పేరు రాసుకుని, "ఎవరిదైనా నేత్రదానం వస్తే పిలుస్తాం. ఏ నంబరు నుంచైనా రావచ్చు, తప్పకుండా ఎత్తండి" అన్నారు. అప్పట్నుంచి టైలరమ్మకి కాలు ఒకచోట నిలవలేదు. మోగితే పరుగెత్తడం, ఎత్తితే ప్లాట్లవాడు. స్నానానికి వెళ్ళినా ఫోను కిటికీలోనే. ముందు ఎవరో కనుక్కోవాలి, ఆ తర్వాతే చంపాలి అని తనకు తానే వందసార్లు చెప్పుకుంది.

చెప్పుకుంటే సరా? అలవాటుపడ్డ నాలుక వింటుందా?

ఆ రోజు పొద్దుట్నుంచీ అమ్మకాలవాళ్ళే. ఎవరిదో కోటు చంక దగ్గర కత్తిరిస్తుంటే మళ్ళీ మోగింది.

"సార్ ఉన్నారా అండీ?"

"పోయారండీ!"

"అయ్యో... ధైర్యంగా ఉండండమ్మా. మా ఆసుపత్రి లిస్టులోంచి పేరు తీసేస్తాం."

ఆసుపత్రి అన్నమాట బుర్రకెక్కేలోపే ఫోను పెట్టేశారు. కత్తెర కోటులోకి అడ్డంగా దిగింది. వెంటనే అదే నంబరుకి చేసింది.

"అమ్మా, ఆయన బతికే ఉన్నారు!"

"ఇప్పుడేగా పోయారన్నారు?"

"అది... అమ్మకాలవాళ్ళకి చెప్పేమాటండీ." సిగ్గుతో చచ్చిపోయింది.

మొగుడు గోడ పట్టుకుని వచ్చి ఫోను అందుకున్నాడు. "నేనేనండీ. మా ఆవిడ నన్ను రోజూ చంపుతుంటుంది లెండి."

అవతలావిడ నవ్వలేదు. "మీ తర్వాతి పేరుకి ఫోన్ చేస్తున్నామండీ. ఆయన ఎత్తితే ఇక మా చేతుల్లో లేదు. ఎత్తకపోతే మీకే."

టైలరమ్మ గుమ్మానికీ మిషనుకీ మధ్య కాలుగాలిన పిల్లిలా తిరిగింది. ఎత్తకూడదు దేవుడా, అనుకుంది. అనుకుని నాలుక్కరుచుకుంది. ఆ ఇంట్లోనూ గోడ పట్టుకుని నడిచే మనిషే కదా! అయినా మనసు ఊరుకోలేదు, మళ్ళీ అదే మొక్కు మొక్కింది.

ఫోను మోగింది.

"ఆయన ఎత్తట్లేదమ్మా. కొత్త నంబరని వదిలేస్తున్నారేమో. వెంటనే బయలుదేరండి."

మొగుడు చెప్పుల కోసం తడుముతున్నవాడల్లా ఆగాడు. మాటలు వినబడ్డాయి. "పాపం, ఇంకొక్కసారి చేసి చూడమనవే" అన్నాడు మెల్లగా.

ఆవిడ ఫోను చెవికి గట్టిగా అదుముకుంది.

"హలో? సార్ ఉన్నారా అమ్మా?" అంటోంది అవతలావిడ.

టైలరమ్మ మొగుడి వైపు వీపు తిప్పుకుంది.

"ఉన్నారండీ. వచ్చేస్తున్నాం."